లిఖిత నాదము: నార్మన్ మెక్లారెన్ చలనచిత్ర ప్రయోగములు

వ్రాతకును ధ్వనికిని గల సంబంధము సాంకేతికమైనదని భాషాశాస్త్రము చదివినవారెల్లరు ఎఱిగినదే. 'క' యను గుర్తునందు కకారధ్వని లేదు. ఆ గుర్తును చూచినపుడు ఆ ధ్వనిని పలుకవలెనని పూర్వులు చేసికొనిన ఏర్పాటు మాత్రమే కలదు. ఆ ధ్వనికే తెలుగున నొక రూపమును, తమిళమున నొక రూపమును, నాగరి లిపియందు వేఱొక రూపమును ఉండుట ఇందుకు చాలిన నిదర్శనము. ఛందశ్శాస్త్రమున గురులఘువులకు వాడు గుర్తులును, సంగీతమునందలి స్వరలిపియు ఈ కోవలోనివే. చదువ నేర్చినవాడు లేనిదే ఏ లిపియు పలుకదు.

ఈ నియమమునకు లోబడని వ్రాత యొకటి ఇరువదవ శతాబ్దమున పుట్టినది. చదువరి లేకయే పలుకు వ్రాత యది. అందు సిరాతో గీచిన గీత నాదమునకు గుర్తు కాదు. నాదమునకు సాక్షాత్తు కారణము. దీనిని కళగా పండించినవారిలో ముఖ్యుడు స్కాట్లండున జన్మించి కెనడా దేశమున పనిచేసిన నార్మన్ మెక్లారెన్ (1914-1987). ఇతడు చిత్రకారుడా, సంగీతకర్తయా, చలనచిత్ర దర్శకుడా యని నిర్ణయించుట కష్టము. సినిమా చరిత్రకారులు ఇతనిని కదలుబొమ్మల శాఖలో చేర్చి తృప్తిపడుదురు. లిపిధ్వనుల సంబంధమును విచారించు మనవంటివారికి మాత్రము ఇతని కృషి వేఱొక కారణముచే ఆదరణీయమైనది. కంటికి కనబడు గుర్తును, చెవికి వినబడు ధ్వనియు ఒకే గీతనుండి పుట్టినపుడు, ఆ రెండును చూపరి యనుభవమున ఒక్కటిగా తోచునా? ఇతని చిత్రములను గూర్చి వ్రాసినవారు తఱచుగా తోచుననియే చెప్పుదురు. ఆ మాట ఎంతవఱకు నిలుచునో విచారించుట ఈ వ్యాసమున నా యుద్దేశము.

మొదట యంత్రవిషయము కొంత తెలియవలెను. కంప్యూటరు పద్ధతులు వచ్చుటకు ముందు సినిమాశాలలలో వాడబడిన ఫిల్ము 35 మిల్లీమీటర్ల వెడల్పు గల పట్టీ. దానిపై సెకనుకు 24 బొమ్మల చొప్పున వరుసగా ముద్రింపబడి యుండును. ఒక్కొక్క బొమ్మకు ఫ్రేము అని పేరు. ఒక ఫ్రేము ఆక్రమించు నిడివి సుమారు 19 మిల్లీమీటర్లు. అనగా ఫిల్ము సెకనుకు అడుగున్నర చొప్పున పరుగెత్తును. పట్టీ అంచునందలి రంధ్రముల వరుసకును బొమ్మకును నడుమ, రెండున్నర మిల్లీమీటర్ల వెడల్పున నొక సన్నని దారి విడువబడి యుండును. సౌండు ట్రాకు అనబడు ధ్వనిపథ మిదియే.

యంత్రమునందు ఈ ధ్వనిపథముపై ఒక సన్నని చీలికగుండ దీపకాంతి పడును. నలుపున్నచోట కాంతి ఆగిపోవును; తెలుపున్నచోట ఆవలికి పోవును. ఆవలి వైపున నున్న ఫోటోసెల్లు ఆ హెచ్చుతగ్గులను విద్యుత్ప్రవాహముగ మార్చును. ఆ ప్రవాహము పెంపొందింపబడి లౌడు స్పీకరున గాలిని కంపింపజేయును. మైక్రోఫోను ముందు గాయకుడు పాడినపుడు ఈ దారిపై నలుపు తెలుపుల ఆకృతులు ఛాయాగ్రహణముచే ఏర్పడును. యంత్రమునకు మాత్రము ఆ నలుపు ఎట్లు వచ్చినదో తెలియదు, తెలియనక్కరయు లేదు. గాయకుని కంఠమువలన వచ్చిన నలుపైనను, కలముతో గీచిన నలుపైనను దానికి సమానమే.

ఇచ్చట నొక భేదమును జ్ఞప్తియం దుంచుకొనవలెను. అది తరువాత పనికివచ్చును. బొమ్మను చూపుచోట ఫిల్ము ఆగి ఆగి కదలును. ఒక్కొక్క ఫ్రేము క్షణకాలము నిశ్చలముగ నిలిచిననే గాని తెరపై బొమ్మ స్పష్టము కాదు. ధ్వనిని గ్రహించుచోట ఫిల్ము నిలువరాదు. ఎడతెగక సమవేగమున పరుగెత్తవలెను. అందుచేత ఈ రెండు స్థానములును యంత్రమున ఎడముగ నుండును. బొమ్మకు చెందిన ధ్వనిని ఫిల్ముపై దానికి సరిగా ప్రక్కన గాక సుమారు ఇరువది ఫ్రేముల ముందుగ ముద్రింతురు.

ఇక స్వరముల సంగతి. ఒక ఫ్రేము నిడివిలో సమదూరమున 12 అడ్డగీతలు గీచి, ప్రతి ఫ్రేమునందును అట్లే కొనసాగించినచో, సెకనుకు 12 × 24 = 288 మార్లు కాంతి ఆగి వెలుగును; 288 కంపనములు గల స్వరము వినబడును. దానిని షడ్జముగ గ్రహించినచో 15 గీతలు అంతరగాంధారము, 16 గీతలు శుద్ధమధ్యమము, 18 గీతలు పంచమము, 24 గీతలు తారషడ్జము నగును. 24 గీతలనే ఆధారషడ్జముగ గైకొనినయెడల 24, 27, 30, 32, 36, 40, 45, 48 అను సంఖ్యలు శంకరాభరణ మేళమునకు సన్నిహితమగు స్వరక్రమమును భిన్నములు లేకుండ ఇచ్చును. ఈ లెక్క నాది. మెక్లారెన్ వాడినది పాశ్చాత్యుల పండ్రెండు అర్ధస్వరముల క్రమము. వీణతంత్రి నిడివిని భాగించి స్వరస్థానములను నిర్ణయించిన మన శాస్త్రకారుల పద్ధతి యెఱిగినవారికి ఇందు వింత యేమియు తోచదు. వారు తంత్రిని కొలిచిరి. ఇక్కడ గీతలను లెక్కింపవలెను.

గీతల సాంద్రత స్వరస్థానమును నిర్ణయింపగా, ధ్వనిపథమున అవి అడ్డముగ ఆక్రమించు మేర బిగ్గఱతనమును, వాని ఆకారము నాదగుణమును నిర్ణయించును. మొనదేలిన ఆకారములు కఱకుగను, గుండ్రముగ ఒదిగిన ఆకారములు మెత్తగను పలుకును. చేతితో గీచుటకు హద్దు కలదు. ఫ్రేమునకు 18 గీతలైనచో గీతకొక మిల్లీమీటరు చోటు దొరకును. సెకనుకు రెండువేల కంపనములు కావలెనన్నచో అదే చోట 83 గీతలు పట్టవలెను. అది మానవహస్తమునకు లొంగు పని కాదు.

ఈ మార్గమును త్రొక్కినవారిలో మెక్లారెన్ మొదటివాడు కాడు. 1930 ప్రాంతమున రష్యాలో అర్సేనీ అవ్రామోవ్ మొదలగువారును, జర్మనీలో ఆస్కార్ ఫిషింగర్, రుడాల్ఫ్ ఫెనింగర్ అనువారును ఇంచుమించు ఏకకాలమున దీనికి పూనుకొనిరి. జర్మనులిద్దఱి మార్గములును పరస్పరభిన్నములు. ఫిషింగర్ 1932లో ముగ్గులవంటి అలంకారములను గీచి, అవి ఎట్లు పలుకునో పరీక్షించెను. అతనికి ఆకృతి ముందు, నాదము తరువాత. ఫెనింగర్ ధ్వనితరంగములను ఆసిల్లోగ్రాఫుతో పరిశీలించి, ఏ స్వరమున కే ఆకృతియో కనుగొని, ఆ ఆకృతులను అట్టలపై గీచి, ఛాయాగ్రహణముచే ఫిల్ముపైకి ఎక్కించెను. అతనికి నాదము ముందు, ఆకృతి తరువాత. మన పరిభాషలో మొదటివానిని ఆలంకారికుడనియు, రెండవవానిని వైయాకరణుడనియు చెప్పవచ్చును.

హంగేరీ దేశీయుడగు లాస్లో మొహోయ్-నాజ్ చేసిన ప్రయోగము మనకు ఇంకను ఆసక్తికరమైనది. 'శబ్దించు వర్ణమాల' యని అనువదింపదగిన పేరుతో అతడు తీసిన చిన్న చిత్రమున అక్షరముల ఆకారములను, వ్రేలిముద్రలను, మనుష్యుల ముఖముల పార్శ్వరేఖలను ధ్వనిపథముపై నుంచి పలికించెను. అక్షరమును ధ్వనిపథముపై నుంచినచో యంత్రము ఆ అక్షరమును ఉచ్చరింపదని వేఱుగ చెప్పనక్కరలేదు. ఆ ఆకారమున నలుపు తెలుపుల పంపకమునకు తగిన మ్రోత యేదియో వెలువడును, అంతియే. లిపి యాదృచ్ఛికమను సిద్ధాంతమును తరగతిలో ఉదాహరణములతో నిరూపింప మనము ఎంతో ప్రయాసపడుదుము. ఈ ప్రయోగము దానిని చెవికి నేరుగా వినిపించినది.

మెక్లారెన్ స్టర్లింగ్ పట్టణమున 1914లో జన్మించెను. గ్లాస్గో చిత్రకళాశాలలో విద్యార్థిగ నున్నపుడు, కెమెరా లేకపోవుటచే, అరిగిపోయిన పాత ఫిల్ము నొకదానిని సంపాదించి, దానిపై బొమ్మలను కడిగివేసి, తేటపడిన పట్టీపై రంగులతో తానే బొమ్మలు వేసెను. కెమెరా లేని సినిమా యను నతని మార్గము లేమినుండి పుట్టినది. బ్రామ్స్ రచించిన హంగేరియన్ నృత్యసంగీతమునకు ఫిషింగర్ కూర్చిన రేఖాచిత్రమును ఆ దినములలోనే చూచి, సంగీతమును కంటికి చూపవచ్చునను విశ్వాసమును అతడు పొందెను. పిమ్మట లండనులో తపాలాశాఖవారి చలనచిత్ర విభాగమున జాన్ గ్రియర్సన్ కడ పనిచేసెను. 1936లో అంతర్యుద్ధము జరుగుచున్న స్పెయినునకు ఛాయాగ్రాహకుడుగ పోయి యుద్ధఘోరములను కన్నులార చూచెను. 1939లో న్యూయార్కు చేరెను. 1941లో గ్రియర్సన్ పిలుపుపై కెనడా జాతీయ చలనచిత్ర సంస్థలో ప్రవేశించి, ఉద్యోగజీవితమున మిగిలిన భాగమంతయు అచ్చటనే గడిపెను.

న్యూయార్కున నుండగా తీసిన 'డాట్స్', 'లూప్స్' అను చిత్రములు 1940 నాటివి. ఈ రెంటియందును బొమ్మయు ధ్వనియు కలముతో నేరుగా ఫిల్ముపై గీచినవే. 'డాట్స్' నందు చుక్కలు పుట్టును, విచ్చుకొనును, చీలును, మాయమగును. వానితోపాటు టపటపమను చిన్న చిన్న శబ్దములు పుట్టి గిట్టును. కథ లేదు, నటులు లేరు, వాద్యములు లేవు. ఐనను చూచువానికి ఆ చుక్క లొక ఆటలో నున్న పిల్లలవలె తోచును. ఒకే చేయి, ఒకే కలము, ఒకే పట్టీపై ఒక ప్రక్క కంటికిని, ఒక ప్రక్క చెవికిని వ్రాసిన వ్రాత యిది. ఈ రచనావిధానమును చూపు 'పెన్ పాయింట్ పెర్కషన్' అను చిత్రమును కెనడా సంస్థవారు 1951లో వెలువరించిరి. బోధకులకు అది మిక్కిలి ఉపయోగకరము.

చేతిగీతల హద్దును దాటుటకై మెక్లారెన్ ఫెనింగర్ అట్టల పద్ధతిని స్వీకరించి, సహచరి ఎవ్లిన్ లాంబార్టు తోడ్పాటుతో దానిని సంస్కరించెను. ఒక్కొక్క అర్ధస్వరమునకు ఒక్కొక్క అట్ట. అట్టపై ఆ స్వరమునకు తగిన సాంద్రతతో నలుపు తెలుపుల చారలు. కావలసిన అట్టను కెమెరా ముందుంచి, ధ్వనిపథమున ఒక్కొక్క ఫ్రేముగ ఛాయాచిత్రము తీయవలెను. చారలు కనబడు వెడల్పును మూతతో తగ్గించి పెంచి ధ్వనిని తగ్గింప పెంపవచ్చును. అట్టల పెట్టె ముందు కూర్చుండి స్వరములను ఏరుకొను ఈ సంగీతకర్తను తలచినపుడు, ముద్రణాలయమున సీసపు అక్షరములను ఏరి కూర్చు కంపోజిటరు నాకు జ్ఞప్తికి వచ్చును.

ఈ పద్ధతి సార్థకమైనది 1952 నాటి 'నైబర్స్' అను చిత్రమునందు. పొరుగువారిద్దఱు. వారి యిండ్ల సరిహద్దున ఒక పువ్వు పూచును. అది నాదన్న నాదని కలహించి, కంచె పాతి, కొట్టుకొని, ఒకరి యిల్లాలిని బిడ్డను మఱొకరు హింసించి, తుద కిద్దఱును చచ్చెదరు. నటులు నిజమైన మనుష్యులే. కాని బొమ్మలను కదలించునట్లు వారిని ఒక్కొక్క ఫ్రేముగ నిలిపి చిత్రించుటచే, వారు నేలను తాకక జాఱుదురు, గాలిలో తేలుదురు. మనుష్యులు తోలుబొమ్మలైపోయిన ఆ లోకమునకు మానవవాద్యముల సంగీతము పొసగదు. అట్టలనుండి పుట్టిన ఆ గొగ్గెర స్వరములు వారి అడుగులకును దెబ్బలకును ఫ్రేము తప్పక అమరి, మొదట నవ్వు పుట్టించి, పిదప భయము పుట్టించును. హాస్యము రౌద్రముగ మారు చోట స్వరము మారకుండుటయే ఇందలి శక్తి యని నా యభిప్రాయము. స్త్రీలను శిశువులను హింసించు ఘట్టమును కొంతకాలము పంపిణీదారులు తొలగించిరి. వియత్నాము యుద్ధకాలమున అది మరల చేర్చబడినది. 1953లో ఈ చిత్రమునకు లఘు డాక్యుమెంటరీ విభాగమున ఆస్కార్ బహుమానము లభించెను. ఇది డాక్యుమెంటరీ ఎట్లైనదో బహుమానదాతలే చెప్పవలెను. 2009లో యునెస్కో దీనిని ప్రపంచ స్మృతి పట్టికలో చేర్చినది.

యునెస్కోతో మెక్లారెనునకు పూర్వమే సంబంధము కలదు. దృశ్యబోధనకు పనికివచ్చు బొమ్మల తయారీని నేర్పుటకై ఆ సంస్థ పక్షమున అతడు 1949లో చైనాకును, 1953లో భారతదేశమునకును వచ్చెను. 1957లో క్లోద్ జూత్రాతో కలిసి తీసిన 'ఎ చెయిరీ టేల్' నందు తనపై కూర్చుండనీయని కుర్చీతో ఒక యువకుడు పడు పాట్లను చిత్రింపగా, దానికి పండిత రవిశంకర్, తబలా విద్వాంసుడు చతుర్‌లాల్ సంగీతము సమకూర్చిరి. తబలాకును కుర్చీకిని జరుగు సవాలు జవాబు అందు వినదగినది.

గీచిన ధ్వనిపైననే ఆధారపడని చిత్రములును మన ప్రశ్నకు సంబంధించినవే. 1949 నాటి 'బిగాన్ డల్ కేర్' నందు ఆస్కార్ పీటర్సన్ బృందము వాయించిన జాజ్ సంగీతమునకు మెక్లారెన్, లాంబార్టు ఇద్దఱును ఫ్రేముల హద్దులను పాటింపక పొడవాటి పట్టీలపై రంగులు పోసి, గీకి, తడిరంగుపై గుడ్డల నేతను ఒత్తి చిత్రమును రచించిరి. లాంబార్టు బాల్యముననే వినికిడి కొంత కోల్పోయిన స్త్రీ యని తెలిసినపుడు ఆ చిత్రమునందలి తాళశుద్ధి మఱింత ఆశ్చర్యమును కలిగించును. 1955లో కాన్ చిత్రోత్సవమున లఘుచిత్రములకిచ్చు ప్రథమ బహుమానమును పొందిన 'బ్లింకిటీ బ్లాంక్' నందు నల్లని ఫిల్ముపై సూదితో కత్తితో అక్కడక్కడ మాత్రమే గీకి, తక్కిన ఫ్రేములను నల్లగనే విడిచెను. ఒక మెఱుపు, చీకటి, మఱొక మెఱుపు. నడుమ నున్న చీకటిని చూపరి కన్నే పూరించుకొనును. పద్యమున విరామము అక్షరములేని చోటైనను నడకలో భాగమైనట్లు, ఇందు ఖాళీ ఫ్రేములు రచనలో భాగములు.

1971 నాటి 'సింక్రొమీ' ఈ కృషి కంతటికి పరాకాష్ఠ యని పలువురి మతము. ఇందు మెక్లారెన్ అట్టల పద్ధతిచే సంగీతమును రచించి, ఆ ధ్వనిపథమునందలి చారలనే తీసికొని బొమ్మ ఉండవలసిన చోట ముద్రించి, రంగులు వేసెను. తెరపై నిలువు పట్టెలు, పట్టెలలో అడ్డచారలు. ఏ చారలు చూచుచున్నామో ఆ చారలే వినుచున్నాము. స్వరము హెచ్చినచో చారలు సన్నబడి దట్టమగును. ధ్వని పెరిగినచో పట్టె వెడల్పగును. రూపమునకును నాదమునకును ఇంతకంటె గాఢమైన ఐక్యము ఊహింపనలవి కాదు. కావున మొదటి ప్రశ్నను ఇచ్చటనే పరీక్షింపవలెను.

నాకు తోచినంతలో ఆ ఐక్యము పట్టీపై నున్నదే గాని అనుభవమున లేదు. మొదటి కారణము యంత్రమునందే కలదు. ఒకే చార చెవికొఱకు ఎడతెగక పరుగెత్తును, కంటికొఱకు ఆగి నిలుచును. పరుగెత్తుటచేతనే అది నాదమైనది. నిలుచుటచేతనే అది రూపమైనది. కన్ను చూచునది నాదము యొక్క గమనమును కాదు, దాని నిలుకడను.

రెండవ కారణము ఇంకను బలవత్తరమైనది. షడ్జమునకును తారషడ్జమునకును గల చుట్టఱికమును చెవి తత్క్షణమే గుర్తించును. సంగీతము నేర్వని స్త్రీపురుషులు కలిసి పాడునపుడు ఎఱుగకయే స్థాయిభేదముతో ఒకే స్వరమును పట్టుదురు. కంటికి ఆ చుట్టఱికము గోచరింపదు. 12 చారలకును 24 చారలకును గల సామ్యము, 12 చారలకును 23 చారలకును గల సామ్యముకంటె కంటికి హెచ్చుగ తోచదు. 12, 18 చారల నడుమ గల షడ్జపంచమముల సంవాదిత్వమును కన్ను ఎన్నడును ఎఱుగదు. చెవికి సంగీతమంతయు దేనిపై నిలిచియున్నదో ఆ సంబంధమే కంటికి లేదు. ఇక రంగుల మాట. ఎఱుపునకు, పసుపునకు ధ్వనిపథమున నాదమేమియు లేదు. అవి రచయిత యిష్టముచే వచ్చినవి. ఈ చిత్రమున సంగీతరచన గాక తాను స్వేచ్ఛగ చేసిన సృష్టి పట్టెల నాట్యవిన్యాసమును రంగుల ఎంపికయు మాత్రమేయని మెక్లారెన్ తానే చెప్పియున్నాడు. ఐక్యమును సాధింపబూనిన చిత్రమున రచయిత చేయి కనబడునది ఆ ఐక్యము లేని చోటనే యనుట గమనింపదగినది.

అట్లయినచో ఆ చిత్రమును చూచునపుడు కన్నును చెవియు కూడిపోయినట్లు మనకేల తోచును? రెంటికిని ఉమ్మడియైనది కాల మొక్కటే. స్వరము పుట్టిన క్షణముననే పట్టె పుట్టును. స్వరము ఆగిన క్షణముననే పట్టె మాయమగును. లయ కుదిరినపుడు తక్కిన భేదములను మనస్సు మన్నించును. ముప్పది యేండ్లకు పూర్వమే 'డాట్స్' నందు చుక్కయు టపటప ధ్వనియు సాధించిన మేళన మిదియే. అచట చుక్కకును దాని ధ్వనికిని ఆకారసామ్య మేమియు లేదు. లేకున్నను మేళన మేమియు కొఱతపడలేదు. చారలను తెరపై చూపుటవలన 'సింక్రొమీ' సాధించిన అధికఫల మేది యను శంక ఇక్కడ సహజముగ పుట్టును.

మన బంధకవిత్వము ఈ శంకకు కొంత దారి చూపును. నాగబంధమునందలి అక్షరములు చెవికి పద్యముగను కంటికి నాగముగను అమరును, అక్షరములు అవియే. కాని పద్యమును విన్నవానికి నాగము వినబడదు. నాగమును చూచినవానికి పద్యము తెలియుటకు మరల వ్రేలితో వెంబడించి చదువవలెను. ఈ రెండు ఆనందములును ఒకే సమయమున కలుగవు. మమ్మటుడు చిత్రకావ్యమును అవరకావ్యమనినది దానియందు నేర్పు లేక కాదు. వ్యంగ్యార్థము నడుగంటి నేర్పే పైకి తేలుటచేత. 'సింక్రొమీ' నేర్పున అద్వితీయము. అయినను అది చిత్రమే. 'నైబర్స్' నందు స్వరములు ఎట్లు పుట్టినవో తెలియనివాడును ఆ చిత్రముచే కదలింపబడును. తెలిసినవానికి ఆ యెఱుక అదనపు లాభము మాత్రమే. ఈ రెంటి తారతమ్యమును గుర్తింపక, సాంకేతికవైచిత్రిని బట్టి రెండవదానికంటె మొదటిదానికి పెద్దపీట వేయుట విమర్శకులకు తగదు.

మెక్లారెన్ 1987 జనవరిలో మాంట్రియాల్ ప్రాంతమున మరణించెను. సినిమాశాలలలో నేడు కంప్యూటరు ప్రొజెక్టర్లు వచ్చుటచే ధ్వనిపథము గల ఫిల్ము అరుదైనది. ఐనను ఇతని చిత్రములలో పెక్కింటిని కెనడా జాతీయ చలనచిత్ర సంస్థవారు అంతర్జాలమున ఉచితముగ చూపుచున్నారు. అవి నిడివిలో చిన్నవి. 'సింక్రొమీ' సుమారు ఏడు నిమిషములు, 'నైబర్స్' ఎనిమిది. పరిశీలింపగోరు విద్యార్థులు 'సింక్రొమీ'ని మొదట కన్నులు మూసికొని వినవలెను. పిదప ధ్వని నాపి చూచి, ఆ చారల నుండి రాగమేదియైన ఊహింప వీలగునేమో ప్రయత్నింపవలెను. మూడవమారు మాత్రమే రెంటిని కలిపి చూడవలెను. మూడవమారు చూచునపుడు వారి పాదము ఏ చోట తాళము వేయునో, ఆ చోటనే తమ పరిశీలనను ఆరంభింపవచ్చును.